రోడ్డు ప్రమాదంలో గాయపడితే నష్టపరిహారం పొందడం ఎలా: ఆసుపత్రి చీటీ నుంచి ట్రిబ్యునల్ తీర్పు వరకు

రోడ్డు ప్రమాదంలో మనిషి చనిపోయిన కేసుల్లో నష్టపరిహారం లెక్క చాలా వరకు స్థిరపడిన సూత్రం ప్రకారం సాగుతుంది. వయస్సు, ఆదాయం, ఆధారపడిన వారి సంఖ్య తెలిస్తే మొత్తం దాదాపుగా తేలిపోతుంది. గాయాల కేసు అలా ఉండదు. ఒకే చోట ఎముక విరిగి, ఒకే శాతం వైకల్యం మిగిలిన ఇద్దరికి వచ్చే మొత్తాల మధ్య ఎంతో తేడా ఉండవచ్చు. ఆ గాయం వల్ల ఆ మనిషి ఏ పని చేయలేకపోతున్నాడో మోటారు ప్రమాదాల క్లెయిములు విచారించే ట్రిబ్యునల్ ముందు ఎంత గట్టిగా రుజువైందన్న దాని మీదే ఆ తేడా ఎక్కువగా ఆధారపడుతుంది. గాయపడి బతికి బయటపడిన వారి కోసం, వారి తరఫున ఆసుపత్రికీ పోలీసు స్టేషనుకూ తిరిగే కుటుంబ సభ్యుల కోసం ఈ వ్యాసం రాస్తున్నాను. ఇందులో ప్రస్తావించే చట్టం భారతదేశంలోని 1988 నాటి మోటారు వాహనాల చట్టం. దానికి 2019లో చేసిన సవరణల్లో నష్టపరిహారానికి సంబంధించినవి 2022 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చాయి. కాబట్టి అంతకుముందు నడిచిన కేసుల అనుభవంతో ఎవరైనా సలహా చెబితే, అది ఇప్పటికీ వర్తిస్తుందో లేదో సరిచూసుకోవాలి.

మొదటి రోజు: వైద్యం, ఆసుపత్రి రికార్డు

అన్నిటికంటే ముందు ప్రాణం. 112కు గానీ అంబులెన్సుకు గానీ ఫోను చేసి, దగ్గరలోని ఆసుపత్రికి చేర్చాలి. గాయపడిన వారిని ఆసుపత్రికి తీసుకువచ్చిన దారినపోయేవారికి చట్టంలోని సెక్షన్ 134ఎ రక్షణ ఇస్తుంది. వారి ఇష్టం లేకుండా పేరు, చిరునామా చెప్పమని ఒత్తిడి చేయకూడదు. 2025 మే నెలలో కేంద్ర ప్రభుత్వం ప్రకటించిన నగదు రహిత చికిత్స పథకం ప్రకారం, మోటారు వాహనం వల్ల రోడ్డు మీద గాయపడిన వ్యక్తికి ప్రమాదం జరిగిన నాటి నుంచి 7 రోజుల వరకు, 1.5 లక్షల రూపాయల పరిమితిలో, గుర్తింపు పొందిన ఆసుపత్రుల్లో డబ్బు కట్టకుండా చికిత్స అందాలి. ఆసుపత్రిలో చేరేటప్పుడే ఈ పథకం గురించి అడగండి. దీన్ని వాడుకున్నంత మాత్రాన తరువాత ట్రిబ్యునల్లో నష్టపరిహారం కోరే హక్కు పోదు.

ఆసుపత్రిలో జాగ్రత్తగా చూసుకోవలసిన విషయం మరొకటి ఉంది, చాలామంది దీన్ని గమనించరు. అత్యవసర విభాగంలో వైద్యుడు గాయం ఎలా అయిందో అడిగి రాసుకుంటారు. ఆ కంగారులో వెంట వచ్చిన బంధువు ‘బండి మీద నుంచి పడ్డాడండీ’ అని ఊరుకుంటాడు. వెనుక నుంచి లారీ గుద్దిన సంగతి ఆ కాగితం మీదికి రాదు. ఏడాది తరువాత బీమా కంపెనీ న్యాయవాది ఆ ఒక్క వాక్యాన్నే ట్రిబ్యునల్ ముందు పెట్టి, ఇది తనంతట తాను జారిపడిన కేసని, వేరే వాహనాన్ని తరువాత ఇరికించారని వాదిస్తాడు. కాబట్టి ఏ రకం వాహనం, ఏ వైపు నుంచి, ఎక్కడ, ఎన్ని గంటలకు గుద్దిందో వైద్యుడికి స్పష్టంగా చెప్పాలి. వాహనం నంబరు తెలిస్తే అదీ చెప్పాలి. తెలియనిది ఊహించి చెప్పకూడదు. మెడికో లీగల్ కేసుగా, అంటే పోలీసులకు తెలపవలసిన కేసుగా నమోదు చేశారో లేదో అడిగి, ఆ నంబరు రాసి పెట్టుకోండి. ప్రైవేటు ఆసుపత్రికి వెళ్లినా, అక్కడి నుంచి మరో ఆసుపత్రికి మారినా, మొదటి ఆసుపత్రి చీటీని పారేయకూడదు. ప్రమాదానికీ గాయానికీ సంబంధాన్ని చూపే తొలి కాగితం అదే.

పోలీసు స్టేషన్‌లో

తరువాతి పని ఎఫ్‌ఐఆర్. గాయపడిన వ్యక్తి స్పృహలో లేకపోతే కుటుంబ సభ్యులు గానీ ప్రత్యక్ష సాక్షి గానీ ఫిర్యాదు ఇవ్వవచ్చు. ప్రమాదం జరిగిన ప్రాంతం ఏ స్టేషన్ పరిధిలోకి వస్తుందో తెలియకపోయినా, పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలోని సెక్షన్ 173 ప్రకారం ఏ స్టేషన్‌లోనైనా ఫిర్యాదు తీసుకోవాలి. ఫిర్యాదుదారుకు ఎఫ్‌ఐఆర్ ప్రతిని ఉచితంగా ఇవ్వాలి. స్టేషన్‌లో నమోదు చేయకపోతే జిల్లా ఎస్పీకి రాతపూర్వకంగా పంపాలి, అక్కడా ఫలితం లేకపోతే మేజిస్ట్రేటును ఆశ్రయించాలి. చికిత్స హడావిడిలో రెండు మూడు రోజులు ఆలస్యమైతే, ఆ కారణాన్ని ఫిర్యాదులోనే ఒక వాక్యంలో రాయండి. కారణం చెప్పిన ఆలస్యం కేసును చెడగొట్టదు. వివరణ లేని ఆలస్యం మాత్రం వాహనాన్ని కల్పించారన్న అనుమానానికి తావిస్తుంది.

వాహనం నంబరు తెలిస్తే పరివాహన్ అనే ప్రభుత్వ రవాణా వెబ్‌సైటులో దాని బీమా ఏ కంపెనీదో, ఎప్పటి వరకు చెల్లుతుందో చూడవచ్చు. ప్రమాద స్థలం, వాహనాలు నిలిచిన తీరు, వాటికి తగిలిన దెబ్బలు ఫొటోల్లో ఉండాలి. సమీపంలోని దుకాణాల కెమెరాల్లో దృశ్యాలు కొద్ది రోజుల్లోనే చెరిగిపోతాయి కనుక, వాటిని వెంటనే సేకరించమని దర్యాప్తు అధికారికి రాతపూర్వకంగా విన్నవించండి.

2022 నుంచి పోలీసుల మీద చట్టం ఒక పెద్ద బాధ్యత పెట్టింది, గాయపడిన వారిలో ఎక్కువమందికి దీని గురించి తెలియదు. కేంద్ర మోటారు వాహనాల నిబంధనల ప్రకారం దర్యాప్తు అధికారి ప్రమాదం గురించి తెలిసిన 48 గంటల్లో మొదటి ప్రమాద నివేదికను ట్రిబ్యునల్‌కు, బీమా కంపెనీకి పంపాలి. బాధితుల హక్కులను వివరించే పత్రాన్ని 10 రోజుల్లో మీకు ఇవ్వాలి. మధ్యంతర నివేదిక 50 రోజుల్లో, సమగ్ర ప్రమాద నివేదిక 90 రోజుల్లో సిద్ధం కావాలి. బాధితుడు నింపి ఇవ్వవలసిన ఆరో నంబరు ఫారంలో మీ వృత్తి, ఆదాయం, గాయాలు, చికిత్స ఖర్చుల వివరాలు రాయాలి. దీన్ని ప్రమాదం జరిగిన 60 రోజుల్లోగా దర్యాప్తు అధికారికి ఇచ్చి, అందినట్లు సంతకం తీసుకోండి. సమగ్ర నివేదిక చేరాక ట్రిబ్యునల్ దాన్నే నష్టపరిహారపు దరఖాస్తుగా తీసుకోవాలని సెక్షన్ 166 చెబుతోంది. ఈ నిబంధనలను అన్ని రాష్ట్రాలూ అమలు చేయాలని సుప్రీంకోర్టు 2022 డిసెంబరులో గోహర్ మహమ్మద్ కేసులో ఆదేశించింది. అయినా స్టేషన్ మీదే భారం వేసి ఊరుకోవద్దని నా గట్టి సలహా. నివేదిక వెళ్లిందో లేదో కనుక్కుంటూ ఉండండి, మీ దరఖాస్తు మీరు వేయడానికి కూడా సిద్ధపడండి.

ఎఫ్‌ఐఆర్, స్థల పంచనామా, చిత్రపటం, మోటారు వాహన ఇన్‌స్పెక్టరు నివేదిక, గాయాల సర్టిఫికెట్, చార్జిషీటు, ఈ ప్రతులన్నీ మీ దగ్గర ఉండాలి. చార్జిషీటులో తప్పు మీదేనని రాసి ఉంటే అది తుది మాట కాదు, ట్రిబ్యునల్ స్వతంత్రంగా సాక్ష్యాన్ని పరిశీలిస్తుంది. కానీ ఆ భారాన్ని తరువాత మోయడం కంటే, దర్యాప్తు నడుస్తున్నప్పుడే మీ వాంగ్మూలం సరిగ్గా నమోదయ్యేలా చూసుకోవడం మేలు.

మీ కేసు ఏ దారిలో వెళ్లాలో తేల్చుకోవడం

ఎదుటి వాహన డ్రైవరు నిర్లక్ష్యం వల్ల గాయపడితే, పూర్తి నష్టపరిహారానికి దారి సెక్షన్ 166. దీనికి గరిష్ఠ పరిమితి అంటూ లేదు. డ్రైవరు, యజమాని, బీమా కంపెనీలను ప్రతివాదులుగా చేర్చాలి.

తప్పెవరిదో రుజువు చేయడం సాధ్యం కాని పరిస్థితుల్లో సెక్షన్ 164 ఉంది. అక్కడ తప్పుతో నిమిత్తం లేకుండా తీవ్ర గాయానికి 2.5 లక్షలు, మరణానికి 5 లక్షలు నిర్ణయించారు. తీవ్ర గాయమంటే శిక్షాస్మృతిలో ఇచ్చిన నిర్వచనమే వర్తిస్తుంది: ఎముక విరగడం, కీలు తొలగడం, పన్ను విరగడం, చూపు లేదా వినికిడి శాశ్వతంగా పోవడం వంటివి అందులోకి వస్తాయి. శాశ్వతంగా పని దెబ్బతిన్న వారికి 2.5 లక్షలు చాలా తక్కువ. అందువల్ల 166 కింద గెలిచే అవకాశం ఉన్న కేసును త్వరగా తేలుతుందన్న ఆశతో 164 వైపు మళ్లించకండి.

గుద్దిన వాహనం ఆచూకీ ఎంత ప్రయత్నించినా దొరకకపోతే సెక్షన్ 161 కింద పథకం ఉంది. తీవ్ర గాయానికి 50 వేలు, మరణానికి 2 లక్షలు. దీనికి ట్రిబ్యునల్‌కు వెళ్లనక్కరలేదు. ప్రమాదం జరిగిన ప్రాంతపు క్లెయిము విచారణాధికారిగా ఉండే రెవెన్యూ అధికారికి నిర్ణీత ఫారంలో దరఖాస్తు ఇవ్వాలి. ఆయన నివేదిక మీద జిల్లా కలెక్టరు స్థాయిలో మంజూరు జరుగుతుంది. తరువాత ఎప్పుడైనా వాహనం దొరికి 166 కింద పరిహారం వస్తే, ముందు తీసుకున్న మొత్తాన్ని అందులోంచి సర్దుబాటు చేస్తారు.

ఇంకొన్ని చిక్కు పరిస్థితులున్నాయి. ప్రమాదానికి పూర్తిగా మీరే కారణమైతే, మీ సొంత వాహనపు థర్డ్ పార్టీ బీమా, అంటే ఇతరులకు జరిగిన నష్టాన్ని భరించే బీమా, మీకు పరిహారం ఇవ్వదు. అయితే మీరు ఆ వాహన యజమాని, డ్రైవరు అయి, చెల్లుబాటయ్యే లైసెన్సు కలిగి ఉంటే, వ్యక్తిగత ప్రమాద బీమా కింద 15 లక్షల వరకు రక్షణ ఉండవచ్చు. ఇది మరణానికీ, పాలసీలో రాసిన శాశ్వత వైకల్యాలకూ మాత్రమే వర్తిస్తుంది కనుక పాలసీ కాగితాన్ని పూర్తిగా చదవండి. ద్విచక్ర వాహనం వెనుక కూర్చున్న వ్యక్తికి, ఆ వాహనానికి కేవలం చట్టప్రకారపు కనీస పాలసీ మాత్రమే ఉంటే, దాని బీమా కంపెనీ బాధ్యత వహించదు. సమగ్ర పాలసీ అయితే పరిస్థితి వేరు. సరుకు రవాణా వాహనంలో డబ్బులిచ్చో, ఉచితంగానో ప్రయాణించి గాయపడిన వారి విషయంలో బీమా కంపెనీకి బాధ్యత లేదని సుప్రీంకోర్టు 2002లో ఆశారాణి కేసులో తేల్చింది. కూలీలను గూడ్సు ఆటోల్లో, లారీల్లో ఎక్కించుకుపోయే చోట ఇది తీరని అన్యాయంగా పరిణమిస్తోంది. ఎందుకంటే అప్పుడు మిగిలే ప్రతివాది యజమాని ఒక్కడే, అతని దగ్గర ఆస్తి ఉండకపోవచ్చు. అటువంటి ప్రమాదంలో ఎదుటి వాహనం తప్పు ఏ కొంచెం ఉన్నా దాన్ని, దాని బీమా కంపెనీని తప్పక ప్రతివాదులుగా చేర్చాలి. ప్రయాణికుడికి ఎవరి డ్రైవింగు మీదా అదుపు ఉండదు కనుక, రెండు వాహనాల తప్పు కలిసినప్పుడు ఆయన ఏ ఒక్కరి నుంచైనా మొత్తం రాబట్టుకోవచ్చు.

ఉద్యోగ విధిలో ఉండగా గాయపడిన డ్రైవరు, క్లీనరు వంటి వారికి 1923 నాటి ఉద్యోగుల పరిహార చట్టం మరో దారిగా ఉండేది; 2025 నవంబరు నుంచి దాని స్థానంలో 2020 నాటి సామాజిక భద్రత కోడ్ వచ్చింది. సెక్షన్ 167 ప్రకారం రెండింటిలో ఒక్కదాన్నే ఎంచుకోవాలి. ఇక్కడ తొందరపడి ఒక దరఖాస్తు వేసే ముందు న్యాయవాదితో మాట్లాడటం అవసరం.

కాగితాలు

మందుల బిల్లులు అందరూ దాస్తారు. దాయనివి వేరే ఉంటాయి. ప్రతి తనిఖీకి వెళ్లిన ఆటో లేదా కారు ఖర్చు, ఫిజియోథెరపీ రసీదులు, చేతికర్ర, చక్రాల కుర్చీ, కృత్రిమ అవయవం ధర, ఇంట్లో సాయానికి పెట్టుకున్న మనిషి జీతం, ఇవన్నీ కోరదగిన ఖర్చులే. రసీదు రాని ఖర్చును తేదీ వేసి ఒక నోటుపుస్తకంలో రాసిపెట్టండి. భార్యో తల్లో ఉద్యోగం మానుకుని చూసుకుంటే, జీతం ఇవ్వలేదు కనుక ఖర్చు లేదని అనుకోవద్దు. ఆ సేవకూ విలువ కట్టమని కోరవచ్చు. డిశ్చార్జ్ సమ్మరీ, ఎక్స్‌రే ఫిల్ములు, స్కాను నివేదికలు, శస్త్రచికిత్స వివరాలు అసలువే ఉండాలి. రీయింబర్సుమెంటు కోసం అసలు బిల్లులు వేరే బీమా కంపెనీకి ఇవ్వవలసి వస్తే, ముందుగా ధ్రువీకరించిన ప్రతులు తీసుకోండి.

ఆదాయ రుజువు దగ్గరే చాలా కేసులు బలహీనపడతాయి. ఉద్యోగికి జీతం చీటీ, సెలవుల లెక్క, ఆదాయపు పన్ను రిటర్నులు ఉంటాయి. మేస్త్రీకి, దర్జీకి, కూరగాయలు అమ్మే మనిషికి అవి ఉండవు. అలాగని ఆదాయం లేదని కాదు. బ్యాంకు ఖాతాలో జమలు, ఫోను ద్వారా అందిన చెల్లింపులు, కార్మిక శాఖ గుర్తింపు కార్డు, సరుకు కొన్న బిల్లులు, పని ఇచ్చిన మనిషి సాక్ష్యం, ఇవి కలిస్తే ఒక నమ్మదగిన సంఖ్య వస్తుంది. ఏమీ లేకపోతే ట్రిబ్యునల్ కనీస వేతనాల వంటి ఆధారంతో అంచనా వేస్తుంది, అది సాధారణంగా నిజమైన సంపాదన కంటే తక్కువగా ఉంటుంది. గృహిణి గాయపడితే ఆమె ఇంటిపనికీ ఆదాయంగా విలువ కట్టాలని సుప్రీంకోర్టు 2021లో కీర్తి కేసుతో సహా పలుమార్లు చెప్పింది. కనుక ‘ఆదాయం లేదు’ అన్న మాట దరఖాస్తులో ఎక్కడా రాయకండి.

వైకల్యం శాతం, పని నష్టం శాతం

గాయాల కేసుకు గుండెకాయ ఇదే కనుక కొంచెం నిదానంగా చదవండి. వైద్య మండలి ఇచ్చే సర్టిఫికెట్‌లో ఒక అవయవానికి సంబంధించిన లేదా మొత్తం శరీరానికి సంబంధించిన వైకల్యం శాతం ఉంటుంది. నష్టపరిహారానికి కావలసింది ఆ సంఖ్య కాదు, ఆ వైకల్యం వల్ల మీ సంపాదన శక్తి ఎంత తగ్గింది అన్నది. సుప్రీంకోర్టు 2010లో రాజ్ కుమార్ వర్సెస్ అజయ్ కుమార్ కేసులో ఈ తేడాను విడమరచి చెప్పింది. నేటికీ గాయాల కేసులకు అదే ప్రామాణికం. ముందు ఆ మనిషి ఇప్పుడు ఏ పనులు చేయగలడో, ఏవి చేయలేడో చూడాలి. తరువాత ప్రమాదానికి ముందు అతని వృత్తి ఏమిటో, వయస్సెంతో చూడాలి. చివరగా పాత పనికి పూర్తిగా దూరమయ్యాడా, కొంత చేయగలడా, వేరే పనికి మారగలడా అని తేల్చాలి.

మోకాలు వంగని స్థితిలో ఉన్న ఇద్దరిని ఊహించండి. ఒకరు బల్ల దగ్గర కూర్చుని లెక్కలు రాసే ఉద్యోగి, మరొకరు తాపీ మేస్త్రీ. వైద్య సర్టిఫికెట్‌లో ఇద్దరికీ 25 శాతమే ఉండవచ్చు. లెక్కలు రాసే మనిషి జీతం పెద్దగా తగ్గకపోవచ్చు. మేస్త్రీ మాత్రం పరంజా ఎక్కలేడు, చతికిలబడి కూర్చుని గిలాబు చేయలేడు, ఇటుకలు మోయలేడు. ఆయన పని నష్టం 25 శాతం దగ్గర ఆగదు. ట్రిబ్యునల్‌కు ఈ సంగతి తెలిసేలా చేయవలసింది మీరే. కాబట్టి రోజూ చేసే పనిలో ఏ ఏ కదలికలు అవసరమో, వాటిలో ఏవి పోయాయో వరుసగా రాసుకుని, న్యాయవాదికీ వైద్యుడికీ ఇవ్వండి.

లెక్క ఇలా వేస్తారు. ఆ మేస్త్రీకి 34 ఏళ్లు, నెలకు 15,000 రూపాయల ఆదాయం రుజువైంది అనుకుందాం. 2017 నాటి ప్రణయ్ సేఠీ తీర్పు ప్రకారం, 40 ఏళ్లలోపు స్వయం ఉపాధిలో ఉన్న వారికి భవిష్యత్తులో పెరిగే సంపాదన కింద 40 శాతం కలపాలి. శాశ్వత ఉద్యోగికైతే 50 శాతం. ఈ పెంపు మరణం కేసులకే కాక, శాశ్వత వైకల్యం మిగిలిన గాయాల కేసులకూ వర్తిస్తుందని 2020లో పప్పూ దేవ్ యాదవ్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. అప్పుడు నెలకు 21,000, ఏడాదికి 2,52,000 అవుతుంది. పని నష్టం 40 శాతమని తేలితే ఏడాది నష్టం 1,00,800. దీన్ని వయస్సును బట్టి ఉండే గుణకంతో హెచ్చవేయాలి. 2009 నాటి సర్లా వర్మ తీర్పు ప్రకారం ఆ గుణకం 15 నుంచి 25 ఏళ్ల వరకు 18, 26 నుంచి 30 వరకు 17, 31 నుంచి 35 వరకు 16, 36 నుంచి 40 వరకు 15, 41 నుంచి 45 వరకు 14, 46 నుంచి 50 వరకు 13, 51 నుంచి 55 వరకు 11, 56 నుంచి 60 వరకు 9, 61 నుంచి 65 వరకు 7, ఆపైన 5. మన మేస్త్రీకి 16 కనుక సంపాదన నష్టం 16,12,800 రూపాయలు. మరణం కేసుల్లో చేసినట్లు సొంత ఖర్చుల కింద ఇందులో ఏమీ తగ్గించకూడదు.

ఇదే కేసులో పని నష్టం గురించి ఎవరూ మాట్లాడక 25 శాతమే తీసుకుంటే మొత్తం 10,08,000కు పడిపోతుంది. ఆదాయం 15,000 అని రుజువు కాక 10,000గా అంచనా వేస్తే, 40 శాతం లెక్కన కూడా 10,75,200 మాత్రమే వస్తుంది. గాయం అదే, మనిషీ అతనే.

సంపాదన నష్టం ఒక్కటే కాదు. ఇప్పటివరకు అయిన చికిత్స ఖర్చు, చికిత్స కాలంలో పోయిన సంపాదన, ముందు ముందు అవసరమయ్యే శస్త్రచికిత్సలు, రాకపోకలు, పోషకాహారం, సహాయకుల ఖర్చు, నొప్పి, బాధ, జీవితంలో సాధారణ సుఖాలు కోల్పోవడం, పెళ్లి అవకాశాలు దెబ్బతినడం, ఆయుష్షు తగ్గడం, వీటన్నిటినీ దరఖాస్తులో విడివిడిగా కోరాలి. ఎముకలో వేసిన ప్లేటు తీయడానికి మళ్లీ శస్త్రచికిత్స కావాలంటే దానికయ్యే ఖర్చు అంచనాను వైద్యుడి చేత రాయించుకోండి. జీవితాంతం మరొకరి సాయం కావలసిన స్థితిలో ఉన్న వారికి సహాయకుడి ఖర్చును కూడా గుణకం పద్ధతిలోనే లెక్కించాలని 2020 నాటి కాజల్ కేసు చెబుతోంది. పిల్లలు గాయపడితే సంపాదన లేదన్న సాకుతో తక్కువ అడగడం తప్పు. వారికి ఎదుట ఉన్న జీవితం పొడవు.

దరఖాస్తు ఎప్పుడు, ఎక్కడ

ప్రమాదం జరిగిన నాటి నుంచి 6 నెలల్లోగా దరఖాస్తు వేయాలని సెక్షన్ 166లోని మూడో ఉపవిభాగం చెబుతోంది. ఈ గడువు చెల్లుబాటు సుప్రీంకోర్టులో సవాలుకు గురైంది, గడువు దాటిందన్న కారణంతో దరఖాస్తులను కొట్టివేయవద్దని 2025 నవంబరులో ఆ కోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది. ఆలస్యమైన వారు ఈ ఉత్తర్వు సంగతి న్యాయవాదికి గుర్తు చేసి వెంటనే వేయాలి. ఇంకా గడువులో ఉన్నవారు మాత్రం ఆ ఉత్తర్వు మీద భరోసా పెట్టుకోకూడదు. చికిత్స పూర్తి కాలేదని ఆగనక్కరలేదు. వైకల్యం సర్టిఫికెట్ లేకుండానే దరఖాస్తు వేసి, తరువాత దాన్ని దాఖలు చేయవచ్చు.

ప్రమాదం జరిగిన ప్రాంతంలోనే కాక, మీరు నివసించే లేదా వ్యాపారం చేసే ప్రాంతంలోని ట్రిబ్యునల్లో కూడా, ప్రతివాది నివసించే చోట కూడా వేయవచ్చు. నడవలేని స్థితిలో ఉన్న మనిషికి ఇంటి దగ్గరి ట్రిబ్యునల్ ఎంతో ఊరట. సాధారణంగా జిల్లా కోర్టులే మోటారు ప్రమాదాల క్లెయిముల ట్రిబ్యునళ్లుగా పనిచేస్తాయి.

న్యాయవాది ఫీజు గురించి మొహమాటపడకండి. వచ్చే పరిహారంలో ఇంత వాటా ఇవ్వాలన్న ఒప్పందం బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా నిబంధనలకు విరుద్ధం. ఆసుపత్రి వరండాలో కలిసి, ఖాళీ వకాలతు (న్యాయవాదికి అధికారమిచ్చే పత్రం) మీద, ఖాళీ తెల్లకాగితాల మీద సంతకాలు అడిగే మధ్యవర్తులను దూరంగా ఉంచాలి. మహిళలు, పిల్లలు, ఎస్సీ, ఎస్టీ వర్గాల వారు, వికలాంగులు, నిర్ణీత ఆదాయ పరిమితికి లోబడిన వారు జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ద్వారా ఉచితంగా న్యాయవాదిని పొందవచ్చు.

ఎంత కోరాలన్న ప్రశ్నకు, పైన చూపిన విధంగా లెక్క వేసి, న్యాయంగా వచ్చే మొత్తం కోరాలన్నదే జవాబు. కోరిన దానికంటే ఎక్కువ న్యాయమైతే ట్రిబ్యునల్ ఎక్కువ కూడా ఇవ్వవచ్చని 2002లో నాగప్ప కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కోర్టు ఫీజు తేడా కట్టవలసి వస్తుంది, అంతే.

బీమా కంపెనీ రాజీకి వస్తే

సమగ్ర నివేదిక అందాక 30 రోజుల్లో బీమా కంపెనీ అధికారి ఒక మొత్తాన్ని ప్రతిపాదించాలి. మీరు ఒప్పుకుంటే ట్రిబ్యునల్ దాన్ని నమోదు చేస్తుంది, ఆపైన 30 రోజుల్లో డబ్బు చెల్లించాలి. ఒప్పుకోకపోతే కేసు విచారణకు వెళుతుంది, దాని వల్ల మీకు నష్టం ఉండదు. లోక్ అదాలత్‌లో రాజీకి ఒప్పుకుంటే మాత్రం దాని మీద అప్పీలు లేదని గుర్తుంచుకోండి.

చిన్న గాయమై, పూర్తిగా నయమై, లెక్క స్పష్టంగా ఉన్నప్పుడు రాజీ మంచిదే. ఏళ్ల తరబడి తిరిగే శ్రమ తప్పుతుంది. గాయం స్థిరపడకముందు, అంటే వైద్యుడు ఇక మెరుగుపడేది ఇంతేనని చెప్పకముందు, ఏ కాగితం మీదా ‘ఇకపై నాకు ఎటువంటి క్లెయిము లేదు’ అని సంతకం చేయకూడదు. తలకు దెబ్బ తగిలిన వారిలో జ్ఞాపకశక్తి, ప్రవర్తనల్లో మార్పులు నెలల తరువాత బయటపడవచ్చు. విరిగిన తుంటి కీలు ఏళ్ల తరువాత అరిగి మార్పిడికి రావచ్చు. వాహన యజమాని పెద్దమనుషుల మధ్య ఇరవై వేలో ముప్పై వేలో చేతిలో పెట్టి కేసు వద్దంటే, ఎందుకు ఇచ్చాడో రాయకుండా తీసుకోవడం కూడా ప్రమాదకరమే. ప్రాథమిక చికిత్స ఖర్చు కోసమేనని రాసిన రసీదు మీదే తీసుకోండి.

విచారణలో

ఇక్కడ నేర విచారణలో లాగా సందేహానికి తావు లేనంత రుజువు అవసరం లేదు. జరిగి ఉండటానికే ఎక్కువ అవకాశం ఉందని తేలితే చాలు. మీరు సాక్షిగా నిలబడి ప్రమాదం ఎలా జరిగిందో చెప్పాలి. వీలైతే ఒక ప్రత్యక్ష సాక్షిని పిలిపించాలి. ఆసుపత్రి రికార్డు, ఎఫ్‌ఐఆర్, మీ సాక్ష్యం ఒకే కథను చెబితే మీ కేసులో ఆ భాగం నిలబడినట్లే.

వైకల్యం సర్టిఫికెట్‌ను దాఖలు చేసినంత మాత్రాన అది రుజువు కాదు. చికిత్స చేసిన లేదా పరీక్షించిన వైద్యుడు వచ్చి సాక్ష్యమివ్వాలి, ఎదుటి న్యాయవాది ప్రశ్నలకు జవాబు చెప్పాలి. వైద్యుడు రాలేనంటే ట్రిబ్యునల్ నియమించే కమిషనరు ద్వారా ఆసుపత్రిలోనే సాక్ష్యం నమోదు చేయమని కోరవచ్చు. చికిత్స చేయని వైద్యుడెవరో చివర్లో ఇచ్చిన భారీ శాతాన్ని ట్రిబ్యునళ్లు అనుమానంగా చూస్తాయి. అది మీ నిజమైన గాయం మీద కూడా నీడ వేస్తుంది.

బీమా కంపెనీ సాధారణంగా రెండు వాదాలు తెస్తుంది. ఒకటి, తప్పులో మీ వాటా కూడా ఉందన్నది. అది రుజువైతే ఆ మేరకు పరిహారం తగ్గుతుంది. హెల్మెట్ లేదనో, బండి మీద ముగ్గురున్నారనో చెప్పినంత మాత్రాన సరిపోదు. ఆ లోపం ప్రమాదానికి లేదా గాయానికి కారణమైందని చూపాలని 2020లో మహమ్మద్ సిద్ధిఖ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. రెండోది, గుద్దిన డ్రైవరుకు సరైన లైసెన్సు లేదన్నది. అది నిజమైనా అనేక కేసుల్లో బీమా కంపెనీ ముందు మీకు చెల్లించి, తరువాత యజమాని నుంచి రాబట్టుకోవాలని కోర్టులు ఆదేశిస్తూ వచ్చాయి. ఆ ఆదేశాన్ని మీ న్యాయవాది స్పష్టంగా కోరాలి.

తీర్పు తరువాత

తీర్పులోని మొత్తం మీద సెక్షన్ 171 కింద వడ్డీ కూడా వస్తుంది. చాలా తీర్పుల్లో ఇది దరఖాస్తు వేసిన నాటి నుంచి ఏడాదికి 6 నుంచి 9 శాతం మధ్య ఉంటుంది. మొత్తం తక్కువనిపిస్తే 90 రోజుల్లో హైకోర్టులో అప్పీలు వేయవచ్చు. వివాదంలో ఉన్న మొత్తం లక్ష రూపాయల లోపైతే అప్పీలు కుదరదు. బీమా కంపెనీ అప్పీలుకు వెళ్లిందని డబ్బు పూర్తిగా ఆగిపోవలసిన పని లేదు. డిపాజిట్ చేసిన దానిలో కొంత భాగాన్ని విడుదల చేయమని కోరవచ్చు.

చెల్లించవలసిన వారు చెల్లించకపోతే, సెక్షన్ 174 కింద ట్రిబ్యునల్ నుంచి సర్టిఫికెట్ తీసుకుని కలెక్టరు ద్వారా భూమి శిస్తు బకాయిలా వసూలు చేయించవచ్చు. సొమ్ము గాయపడిన వ్యక్తి సొంత బ్యాంకు ఖాతాకే నేరుగా చేరాలి. ఖాతా వివరాలను, పాసుపుస్తకం ప్రతిని దరఖాస్తుతోనే జతపరచి, చిరునామా లేదా ఖాతా మారితే ట్రిబ్యునల్‌కు తెలియజేయండి. పెద్ద మొత్తాల్లో కొంత భాగాన్ని ట్రిబ్యునల్ ఫిక్స్‌డ్ డిపాజిట్‌లో ఉంచమంటుంది. గడువుకు ముందే మళ్లీ శస్త్రచికిత్స అవసరమైతే, వైద్యుడి అంచనా జతచేసి ఆ డిపాజిట్ విడుదలకు అదే ట్రిబ్యునల్లో దరఖాస్తు పెట్టుకోవచ్చు.